క్షణచాంచల్యం, చిరనియమం: ఎమ్మిగనూరు నేలపై ఒక విచారణ

2009వ సంవత్సరం, అనగా విరోధి నామ సంవత్సరం. ఆ ఏడు నైరృతి ఋతుపవనం దేశాన్ని నిరాశపరచింది. దేశవ్యాప్తంగా దీర్ఘకాల సగటు కంటే 22 శాతం తక్కువ వర్షం కురిసింది. ఆంధ్రదేశంలో అనేక మండలాలు కరవు మండలాలుగా ప్రకటింపబడ్డాయి. అటువంటి సంవత్సరంలోనే, సెప్టెంబరు చివర మొదలైన వర్షధార కొద్ది దినములలో తుంగభద్రా కృష్ణానదులను ఉన్మత్తం చేసింది. అక్టోబరు 2 నాటికి కర్నూలు నగరం నీట మునిగింది. ఎమ్మిగనూరుకు సమీపాన ఉన్న మంత్రాలయంలో తుంగభద్ర మఠప్రాంగణంలోకే ప్రవేశించింది. దర్శనానికి వచ్చిన భక్తులు జలమధ్యంలో చిక్కుకొని సహాయానికై ఎదురుచూశారు.

అది కరవు సంవత్సరమా, వరద సంవత్సరమా? లెక్కలలో రెండూ నిజమే. అదే సంవత్సరం, అదే నది, అదే స్వామి. జూలైలో చూసినవాడు ఒక సిద్ధాంతం చేస్తాడు, అక్టోబరులో చూసినవాడు దానికి విరుద్ధమైన సిద్ధాంతం చేస్తాడు. ఇద్దరూ ప్రత్యక్షాన్నే ప్రమాణంగా చూపిస్తారు.

ఇట్టి ఘటన జరిగినప్పుడల్లా ఆస్తికలోకంలో రెండు వ్యాఖ్యానాలు బయలుదేరతాయి. వాన రాకపోతే ధర్మగ్లాని వలన దైవం అలిగిందని ఒకటి. యాగం చేసిన మూడవనాడు వాన పడితే అది యాగఫలమేనని మరొకటి. వాన కోసం విరాటపర్వం పారాయణ చేయించడం తెలుగునాట తరతరాల ఆచారం. రాయలసీమ గ్రామాలలో నేటికీ అది సజీవంగా ఉన్నది. ఆ భక్తిని తప్పుపట్టవలసిన పని లేదు. కాని ఆ వ్యాఖ్యానాలలో ఒక తర్కదోషం ఉన్నది. దానిని భారతీయ దర్శనకారులు ఏనాడో గుర్తించి పేరు కూడా పెట్టారు. కాకి తాటిచెట్టుపై వాలడం, పండు రాలడం ఒకే క్షణంలో జరిగితే కాకి వలననే పండు రాలిందనుకోవడం కాకతాళీయం.

పొగ ఉన్నచోట నిప్పు ఉంటుందనే నియమాన్ని వ్యాప్తి అంటారు. అది మనస్సులో ఎట్లు స్థిరపడుతుంది? ఒకసారి వంటింట్లో చూసినంత మాత్రాన స్థిరపడదు. భూయోదర్శనం, అనగా మరల మరల చూడటం, అవసరమని మీమాంసకులు చెప్పారు. 14వ శతాబ్దికి చెందిన గంగేశోపాధ్యాయుడు తత్త్వచింతామణిలో అంతకంటే కఠినంగా వ్యవహరించాడు. నూరుసార్లు చూసినా అది మాత్రమే చాలదు. రెండింటి సహచారం కనబడటంతో పాటు వ్యభిచారం ఎక్కడా కనబడకుండా ఉండాలన్నాడు. (న్యాయపరిభాషలో వ్యభిచారమంటే హేతువు ఉన్నచోట సాధ్యం లేకపోవడం, లోకవ్యవహారంలోని అర్థంతో ఇక్కడ పని లేదు.) యాగం జరిగినా చినుకు రాలని సంవత్సరాలను విస్మరించి, వాన పడిన ఒక్క సంవత్సరాన్ని చాటుకొనేవాడు గంగేశుని పాఠశాలలో మొదటి మెట్టు కూడా ఎక్కలేడు.

పత్తికొండ పరిసరాలలో, తుగ్గలి, జొన్నగిరి పొలాలలో తొలకరి వానల తరువాత జరిగే వజ్రాల వేట ఇందుకు లౌకికమైన ఉదాహరణ. ఒక కూలికి రాయి దొరికిందన్న వార్త ఊరూరా పాకుతుంది. మరునాటికి పొరుగు రాష్ట్రాల నుండి కూడా జనం దిగుతారు. దినమంతా వంగి వెదికి ఉత్తచేతులతో వెళ్ళినవారి గురించి ఏ వార్తా రాదు. దొరికినది మాత్రమే కథ అవుతుంది. దొరకనిది లెక్కకు కూడా రాదు.

మరొక సూక్ష్మం ఉన్నది. యాగం ఎప్పుడు చేయిస్తారు? ఎండ పరాకాష్ఠకు చేరినప్పుడు. మొక్కు ఎప్పుడు మొక్కుతారు? జ్వరం తీవ్రమైనప్పుడు. పరాకాష్ఠ తరువాత సాధారణంగా వచ్చేది మధ్యస్థితియే. 1886లో ఫ్రాన్సిస్ గాల్టన్ తల్లిదండ్రుల ఎత్తులను, సంతానపు ఎత్తులను పోల్చి ఈ విషయాన్నే గణితంగా నిరూపించాడు: అతిదీర్ఘకాయుల సంతానం సగటున తల్లిదండ్రుల కంటే పొట్టిగా, అనగా సామాన్యపు ఎత్తుకు దగ్గరగా ఉంటుంది. అందులో ఎవరి మహిమా లేదు, ఎవరి శాపమూ లేదు. అత్యంత విషమస్థితిలో ఏ ఉపాయం చేసినా, అసలు ఏదీ చేయకపోయినా, తరువాతి దినం కొంత మెరుగ్గా ఉండే అవకాశమే ఎక్కువ.

ఈ మాట విని భక్తులు నొచ్చుకోవలసిన పని లేదు. ఈ ఆక్షేపణను మొదట లేవనెత్తినవారు నాస్తికులు మాత్రమే కారు. వర్షం కోసం చేసే కారీరీష్టి ఫలం ఇహలోకంలోనే, సమీపకాలంలోనే కనబడవలసినదని శాస్త్రకారులు స్వయంగా అంగీకరించారు. ఫలం కనబడకపోతే ఏమనాలన్న ప్రశ్నను న్యాయసూత్రకారుడు పుత్రకామేష్టి సందర్భంలో పూర్వపక్షంగా నిలిపి, కర్మలోనో కర్తలోనో సాధనంలోనో వైగుణ్యం ఉండవచ్చునని సమాధానం చెప్పాడు. ఆ సమాధానం అందరినీ తృప్తిపరచకపోవచ్చు. కాని ప్రశ్నను దాచిపెట్టకపోవడమనే నిజాయితీ ఆ గ్రంథంలో ఉన్నది. వాన పడిన మరునాడు మాత్రమే ఫలశ్రుతి చదివే నేటి ప్రచారంలో అది కొరవడింది. అట్టి ప్రచారం భక్తికి మేలు చేయడం లేదు. వాన పడని ఏడు ఆ గ్రామపు యువకునిలో మొలకెత్తే అవిశ్వాసానికి విత్తు నాటుతున్నది అదే.

ఇంతవరకు క్షణాన్ని నియమంగా భ్రమించడం గురించి. దీనికి విరుద్ధమైన మరొక భ్రాంతి ఉన్నది, అది మరింత క్రూరమైనది. చిరకాల నియమాన్ని చూపించి ఈ క్షణపు వేదనను కొట్టివేయడం. దాని కథ కూడా ఈ నేల మీదనే జరిగింది.

1876లో వానలు పూర్తిగా విఫలమయ్యాయి. ఆనాడు ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంతం బళ్ళారి జిల్లాలో ఉండేది. 1953లో ఆంధ్రరాష్ట్రం ఏర్పడినప్పుడే అది కర్నూలు జిల్లాలో చేరింది. మదరాసు రాష్ట్రంలో ఆ క్షామానికి అత్యధికంగా బలి అయినవాటిలో బళ్ళారి, కర్నూలు జిల్లాలు ముందు వరుసలో ఉన్నాయి. 1881 జనగణనలో కర్నూలు జిల్లా జనాభా 1871 నాటి కంటే ఐదింట ఒక వంతుకు మించి తగ్గిపోయింది. అది ధాత నామ సంవత్సరం కనుక జనం దానిని ధాత కరవు అన్నారు. ధాత అనగా పోషించువాడు, ధరించువాడు! ఆ మరుసటి ఏడు ఈశ్వర నామ సంవత్సరం. ఆ ఏడూ ఆకలి తీరలేదు. సంవత్సర నామం చూసి ఫలం చెప్పేవారు ఈ ఒక్క విషయాన్ని తీరికగా ఆలోచించవలసి ఉన్నది. అరవై ఏళ్ళ చక్రం తిరిగి 1936లోనూ 1996లోనూ ధాత మరల వచ్చింది. అటువంటి మహాక్షామం మాత్రం రాలేదు.

ఆనాటి వైస్రాయి లిట్టన్ ప్రభుత్వానికి ఒక దీర్ఘకాల సిద్ధాంతం ఉండేది. ధాన్యవ్యాపారంలో ప్రభుత్వం చేయి పెట్టకూడదు. ధర పెరిగితే ధాన్యం తానే వస్తుంది. కాలక్రమంలో అంతా సమతౌల్యానికి చేరుతుంది. మదరాసు గవర్నరు బకింగ్‌హాం ముందుచూపుతో ధాన్యం కొనుగోలు చేస్తే ఆయనకు మందలింపు దక్కింది. క్షామప్రతినిధిగా 1877 జనవరిలో వచ్చిన రిచర్డ్ టెంపుల్ సహాయపు పనులలో పురుషునికి దినానికి ఒక పౌను, అనగా సుమారు 450 గ్రాముల ధాన్యం, దానికి తోడు ఒక అణా కూలిగా నిర్ణయించాడు. అంతటి కష్టపు పనికి అది చాలదని మదరాసు ఆరోగ్యాధికారి కార్నిష్ వైద్యదృష్టితో ప్రతిఘటించాడు. అప్పటికి ఆదోని మీదుగా మదరాసు-బొంబాయి రైలుమార్గం కూడా పడి ఉన్నది. 1871లోనే రాయచూరు వద్ద రెండు వైపుల పట్టాలూ కలిశాయి. ధాన్యం రైలెక్కి వచ్చింది, కాని కూలివాడు కొనగలిగే ధరకు రాలేదు. సమతౌల్యం చివరకు వచ్చిన మాట నిజమే. దానిని చూడటానికి లక్షలాది జనం మిగలలేదు.

సగటు అనేది ఎవరి పొలంలోనూ కురవదు. ఈ ప్రాంతపు సాధారణ వర్షపాతం ఏటా ఆరువందల మిల్లీమీటర్లకు అటూ ఇటూ అంటారు. ఒక ఏడు మూడువందలు, మరుసటి ఏడు తొమ్మిదివందలు కురిసిందనుకుంటే సగటు సరిగ్గా సాధారణమే. మొదటి ఏడు విత్తు మాడిపోయింది, రెండవ ఏడు విచ్చిన పత్తి తడిసి రంగు మారింది. రైతు రెండేళ్ళూ నష్టపోయాడు, గణాంకం మాత్రం రెండేళ్ళూ కలిపి నిర్దోషిగా నిలిచింది. ఎవరైనా ఒక ఆస్తికుడు ఆ రైతుతో కర్మఫలం కాలక్రమంలో సరిపోతుందని చెబితే, అతడు తెలియకుండానే లిట్టన్ గారి శిష్యుడవుతున్నాడు. కర్మసిద్ధాంతం తన దుఃఖాన్ని తాను సహించడానికి ఉపదేశింపబడింది. పరుల దుఃఖాన్ని తాను సహించడానికి దానిని వాడుకోవడం శాస్త్రానికే అపచారం.

దీర్ఘకాల నియమాన్ని అన్వేషించడం వ్యర్థమని దీని అర్థం కాదు. ఆ క్షామం తరువాతనే భారత వాతావరణశాఖ ఋతుపవనాన్ని ముందుగా ఊహించే ప్రయత్నం ఆరంభించింది. బ్లాన్‌ఫర్డ్ హిమాలయపు మంచుకూ వానకూ సంబంధం ఉన్నదని ప్రతిపాదించాడు. 1904లో ఆ శాఖకు అధిపతిగా వచ్చిన గిల్బర్ట్ వాకర్ ప్రపంచం నలుమూలల వాయుపీడనాల లెక్కలను ఇరవై ఏళ్ళు మథించి, పసిఫిక్ హిందూ మహాసముద్రాల మధ్య పీడనం త్రాసులోని రెండు పళ్ళాల వలె ఊగుతుందని కనుగొన్నాడు. 1877లో ఎల్‌నినో అత్యంత బలంగా ఉన్నదని తరువాతి వారికి తెలిసింది. అంటే ఎమ్మిగనూరు జొన్నచేను ఎండిపోవడానికి ఒక కారణం వేల మైళ్ళ దూరాన సముద్రజలం వేడెక్కడంలో ఉన్నది. ఒక్క గ్రామంలో నిలబడి, ఒక్క సంవత్సరం చూసి, అక్కడి వారి పాపపుణ్యాలలో ఆ కారణాన్ని వెదికితే దొరికేది కాదు. అయినా ఎల్‌నినో వచ్చిన ప్రతి ఏడూ కరవు రాదు; 1997లో అది మహాబలంగా ఉన్నప్పటికీ దేశంలో వాన సాధారణంగానే కురిసింది. వాకర్ సేకరించిన సంబంధాలలో కొన్ని తరువాతి దశాబ్దాలలో నిలువలేదు కూడా. గంగేశుడు అడిగిన వ్యభిచార పరీక్ష ఎంత కఠినమో ఇక్కడ తెలుస్తుంది.

చిరకాల పరిణామాన్ని కన్నులతో చూసి ఒప్పుకొన్న ధీరుడు మన సంప్రదాయంలో వరాహమిహిరుడు. పూర్వశాస్త్రాలలో దక్షిణాయనం ఆశ్లేషా మధ్యంలో ఆరంభమవుతుందని ఉన్నది. తన కాలంలో అది కర్కాటకాదిలో ఆరంభమవుతున్నదని బృహత్సంహితలో ఆయన స్పష్టంగా వ్రాశాడు, ప్రత్యక్షంగా పరీక్షించి తెలుసుకొమ్మన్నాడు. అయనచలనం సుమారు 72 ఏళ్ళకు ఒక అంశ; ఒక మనిషి జీవితకాలంలో ఒక్క దినపు తేడా మాత్రమే. అందుకే మకర సంక్రాంతి ఉత్తరాయణారంభానికి మూడు వారాలు వెనుకబడి ఉన్నా ఎవరికీ ఎబ్బెట్టుగా తోచదు. మృగశిర కార్తె మొదలైనప్పుడు తొలకరి అని నమ్మే రైతు కార్తెలు కూడా ఇదే విధంగా ఋతువులతో పోలిస్తే నెమ్మదిగా జారుతున్నాయి. ఏటేటా వాన పది రోజులు ముందు వెనుకలు కావడం అందరికీ కనబడుతుంది. వేయి ఏళ్ళలో కార్తె రెండు వారాలు జరగడం ఎవరికీ కనబడదు. గొప్ప మార్పులు పెద్ద అలల క్రింద సన్నని ప్రవాహం వలె సాగుతాయి.

తుంగభద్ర ఆనకట్టను చూస్తే ఈ విషయం చేతికందేంత దగ్గరగా తెలుస్తుంది. 1945లో శంకుస్థాపన జరిగి 1953లో నీరు వదిలిన ఆ జలాశయం దిగువ కాలువే ఆదోని, ఎమ్మిగనూరు ఆయకట్టుకు ప్రాణం. వానాకాలంలో ప్రతి దినం పత్రికలలో నీటిమట్టం వస్తుంది: నేడు ఇన్ని అడుగులు, నిన్నటి కంటే ఇంత ఎక్కువ, నిరుటి కంటే ఇంత తక్కువ. రైతులందరి దృష్టీ ఆ అంకెల మీదనే. ఆ అంకెల క్రింద మరొక అంకె మౌనంగా మారుతూ వచ్చింది. కట్టిననాడు సుమారు 133 టి.ఎం.సి.లు పట్టిన జలాశయం పూడిక చేరి నేడు సుమారు 105 టి.ఎం.సి.లే పడుతుంది. నిండిన సంవత్సరాలలో కూడా ఆ పూడిక పెరుగుతూనే ఉన్నది. గేట్లు ఎత్తిన దినాన సెల్ఫీలు తీసుకొన్నవారెవరికీ అది కనబడలేదు.

2024 ఆగస్టు 10 రాత్రి 19వ గేటు గొలుసు తెగి గేటు కొట్టుకుపోయింది. మరునాడు అందరి నోటా వినిపించిన ప్రశ్న ఒక్కటే: ఆ రాత్రి ఏమి జరిగింది? ఆ రాత్రి ప్రత్యేకంగా ఏదో జరిగి ఉండవలసిన అవసరమే లేదు. డెబ్బై ఏళ్ళ కాలం ఆ లోహం మీద ప్రతి క్షణం తన పని తాను చేసుకుంటూ వచ్చింది. నిండు జలాశయంలో ఉధృత ప్రవాహాన్ని ఎదిరించి, కన్నయ్య నాయుడు వంటి వృద్ధ నిపుణుని మార్గదర్శకత్వంలో, వారం దినములలో స్టాప్‌లాగ్ గేటు దింపి నీటిని నిలిపారు. ఆ సాహసాన్ని లోకం వేనోళ్ళ పొగిడింది, పొగడవలసినదే. ఏటేటా గొలుసులు పరీక్షించి నూనె పోసే అజ్ఞాత ఉద్యోగికి మాత్రం ఏ సన్మానమూ ఉండదు. తన పని సక్రమంగా చేస్తే ఏ వార్తా పుట్టకపోవడమే అతని విజయం.

యోగశాస్త్రంలో వ్యాసభాష్యం ఈ విషయానికి ఒక దృష్టాంతం ఇచ్చింది. అది వస్త్ర దృష్టాంతం కావడం వలన నేతపని వారి పట్టణమైన ఎమ్మిగనూరులో దానిని చెప్పుకోవడం సముచితం. ఎంత జాగ్రత్తగా పెట్టెలో దాచిన వస్త్రమైనా చివరకు జీర్ణమై కనబడుతుంది. ఆ జీర్ణత ఒక్క దినంలో వచ్చి వాలినది కాదు. క్షణక్షణం క్రమంగా అనుభవించిన మార్పుల మొత్తమే ఆ ముదిమి. ప్రతి క్షణం మార్పు ఉన్నది, అయినా ఏ ఒక్క క్షణంలోనూ అది కనబడదు. క్రమాన్ని గ్రహించడానికి అంత్యాన్ని చూడవలసి వస్తున్నది. చేనేత వృత్తికి పట్టిన గతి కూడా అదే. దసరాకు అమ్మకాలు పెరుగుతాయి, ఆషాఢంలో తగ్గుతాయి, ఒక ఏడు నూలు ధర ఎగబాకుతుంది, మరొక ఏడు దిగుతుంది. ఈ ఊగిసలాటలో ప్రతి నేతకాడూ వచ్చే పండుగ కోసం ఎదురుచూశాడు. జాతీయ చేనేత గణనల ప్రకారం 1987-88లో సుమారు 67 లక్షలున్న నేతపని వారు 2009-10 నాటికి 43 లక్షలు, 2019-20 నాటికి 35 లక్షలు అయ్యారు. ఏ దసరాలోనూ ఆ తగ్గుదల కనబడలేదు.

బజారు ధరల గురించి ఎక్కువ చెప్పవలసిన పని లేదు. ఆదోని మార్కెట్ యార్డు ఎరిగినవారికి అది నిత్యానుభవం. 2022లో పత్తి క్వింటాలు పదివేలు దాటినప్పుడు, అదే ధర స్థిరమన్నట్లు మరుసటి ఏడు కౌలు పెంచి పొలాలు తీసుకొన్నవారు ఉన్నారు. ధర తరువాత ఏడువేల ప్రాంతానికి దిగింది. పొడవు పింజ మద్దతు ధర 2021-22లో 6,025, 2024-25లో 7,521. మధ్యలో ఎగసిన శిఖరం దాని మీద నీడ కూడా వేయలేదు.

వైద్యులు మాత్రం ఈ రెండు కాలమానాలను చక్కగా విడదీసి పట్టుకున్నారు. మధుమేహం ఉన్నవాడు పరీక్షకు ముందు రెండు దినములు పథ్యం చేసి రక్తంలో చక్కెర తగ్గించుకొని వస్తాడు. హెచ్‌బిఎవన్‌సి పరీక్ష ఆ కపటాన్ని క్షమించదు. ఎర్రకణం ఆయువు సుమారు 120 దినములు కనుక రెండు మూడు నెలల నడవడి మొత్తం అందులో వ్రాసి ఉంటుంది. అయినా ఆ పరీక్ష బాగున్నదని చెప్పి, ఈ క్షణంలో చక్కెర పడిపోయి చెమటలు పట్టిన రోగికి బెల్లపు ముక్క ఇవ్వకుండా కూర్చునే వైద్యుడు ఉండడు. రెండు పరీక్షలూ ఉండటానికి కారణం ఉన్నది; ఏ ప్రశ్నకు ఏ పరీక్ష అన్న వివేకమే వైద్యం.

సాధకునికి ఈ వివేకమే లోపిస్తున్నది. ఉదయం జపంలో మనస్సు నిలిస్తే అనుగ్రహం కలిగిందంటాడు. మరునాడు నిలవకపోతే మంత్రం మారుస్తాడు, లేదా గురువునే మారుస్తాడు. నేడు జపసంఖ్యలు లెక్కించే యాప్‌లు వచ్చిన తరువాత ఈ దైనందిన తూకం మరింత పెరిగింది. కాని దర్శనశాస్త్రం చిత్తవృత్తిని, సంస్కారాన్ని వేరువేరుగా నిరూపించింది. వృత్తి క్షణికం, నిద్ర చాలకపోయినా, పెసరట్టు ఎక్కువైనా మారిపోతుంది. సంస్కారం వృత్తుల అవశేషం, పూడిక వలె అడుగున చేరేది, పైనుండి చూసేవానికి కనబడనిది. అభ్యాసం దృఢమూలం కావడానికి పతంజలి చెప్పిన మూడు లక్షణాలలో మొదటిది దీర్ఘకాలం, రెండవది విచ్ఛేదం లేకపోవడం, మూడవది ఆదరం. ఆ మూడింటిలో ఏదీ ఒక్క ఉదయపు ధ్యానాన్ని బట్టి కొలవదగినది కాదు. సాధన ఫలించిందా లేదా అన్నది తెలియవలసింది జపం వద్ద కాదు. పదేళ్ళ క్రితం ఏ మాటకు కోపం వచ్చేదో, నేడు అదే మాట విన్నప్పుడు ఏమి జరుగుతున్నదో చూస్తే కొంత తెలుస్తుంది. అది కూడా సాధకుని కంటే ఇంట్లోవారికే బాగా తెలుస్తుంది.

అయితే ఈ దీర్ఘదృష్టి అందరికీ సమానంగా సుసాధ్యం కాదు. ఇక్కడ చాలా ప్రవచనాలు మౌనం వహిస్తాయి. తీరిక, తిండి ఉన్నవానికి పదేళ్ళు వేచి ఉండటం సులభం. ఉగాదికి అప్పు తీర్చకపోతే పొలం పోతుందన్న వానికి కాలం అంటే ఆ ఒక్క ఏడే. కోసిగి, పెద్దకడబూరు, కౌతాళం గ్రామాల నుండి కుటుంబాలు పిల్లలతో సహా గుంటూరు మిరపచేలకు, బెంగుళూరు కట్టడాలకు వలస పోతున్నాయి. వారిలో ఎవరూ దీర్ఘకాల నియమాన్ని ఎరుగనివారు కారు. పది ఏళ్ళలో ఏడు మంచి ఏళ్ళు ఉంటాయని వారికి తెలుసు. మిగిలిన మూడేళ్ళు దాటే నావ లేదు, అంతే. బడి మానిన పిల్లవాని సంవత్సరం మాత్రం ఏ సగటులోనూ తిరిగి రాదు.

పూర్వికులు ఆ నావను ఉపన్యాసంతో కాక మట్టితో కట్టారు. నల్లరేగడి గ్రామాలలో జొన్నలు దాచే పాతరలు ఉండేవి. భూమిలో లోతుగా గొయ్యి త్రవ్వి, గడ్డి పరచి, ధాన్యం నింపి, గాలి చొరకుండా మట్టి కప్పేవారు. మంచి ఏడు పండినది చెడు ఏడు వరకు అందులో నిద్రించేది. ఎమ్మిగనూరులో అదే పనిని మరొక రూపంలో చేసినవాడు మాచాని సోమప్ప. 1938లో ఆయన నేతపని వారి సహకార సంఘాన్ని స్థాపించాడు. అట్టి సంఘంలో నూలు ఒక్కచోట కొంటారు, నేసిన గుడ్డను ఒక్కచోట అమ్ముతారు, ధర పడిన నెలలో కూడా మగ్గం ఆగకుండా చూస్తారు. 1954లో ప్రభుత్వం ఆయనకు పద్మశ్రీ ఇచ్చింది. నూలు ధర ఊగిసలాటను ఆయన ఆపలేదు, ఆపడం ఎవరి తరమూ కాదు. ఆ ఊగిసలాట ఒక్క నేతకాని పొయ్యి మీద పడకుండా, అనేక కుటుంబాల మీద, అనేక నెలల మీద పరచబడేటట్లు చేశాడు. ఆ సంఘపు పూర్వవైభవం నేడు లేదు. దాని క్షయం కూడా ఒక్కనాడు జరిగినది కాదు.

పాతరకు ఒక నియమం ఉండేది. ఆకలి వేసిన ప్రతిసారీ దానిని తెరవకూడదు. ఒకసారి తెరిస్తే గాలి సోకి ధాన్యం పాడవుతుంది కనుక మొత్తం వాడుకోవలసిందే. అందువలన ఇది ఒక వారపు కొరతా, నిజమైన కరవా అని గృహస్థుడు తేల్చుకోవలసి వచ్చేది. తెరిచిన వెంటనే ఎవరూ లోపలికి దిగేవారు కారు. లోపల చేరిన విషవాయువు పోయే వరకు ఆగేవారు. ఆకలితో ఉన్న పిల్లలు ఆ గట్టు మీదనే కూర్చొని ఉండేవారు.